అమైలోజ్

అమైలోజ్ అనేది పిండిపదార్థంలో, అంటే స్టార్చ్‌లో, ఉండే రెండు ముఖ్య భాగాలలో ఒకటి. రెండవ భాగం పేరు అమైలోపెక్టిన్. రెండూ గ్లూకోజ్ అణువులు ఒకదానితో ఒకటి కలిసి ఏర్పడిన గొలుసులే. గొలుసు దాదాపుగా కొమ్మలు లేకుండా పొడవుగా సాగితే దానిని అమైలోజ్ అంటారు. చెట్టులాగా కొమ్మలు వేస్తూ విస్తరిస్తే అమైలోపెక్టిన్ అంటారు. కర్బన రసాయన శాస్త్రంలో ఈ రెండింటినీ బహుశర్కరల తరగతిలో చేరుస్తారు.

అన్నం పొడిపొడిగా ఉండటం, ముద్దగా అవటం, చల్లారిన గంజి గడ్డకట్టటం, అయోడిన్ చుక్క పడగానే గంజి నీలిరంగుకు మారటం వంటి నిత్యజీవిత విషయాలకు అమైలోజ్‌తో దగ్గరి సంబంధం ఉన్నది. ఆంధ్ర ప్రదేశ్ రాష్ట్రం, డా. బి.ఆర్. అంబేద్కర్ కోనసీమ జిల్లాలోని ఆత్రేయపురంలో తయారయ్యే పూతరేకులు ఈ పదార్థపు లక్షణాలను తెలుసుకోవటానికి చక్కని ఉదాహరణ. పలుచని బియ్యపు పాలు కాలిన కుండను తాకిన క్షణంలో పొరగా మారటం వెనుక ఉన్నది పిండిపదార్థపు రసాయన శాస్త్రమే. ఆ పొర చిరగకుండా నిలవటంలో అమైలోజ్‌ది ముఖ్యపాత్ర.

పేరు, వ్యుత్పత్తి

గ్రీకు భాషలో "అమైలాన్" అంటే పిండిపదార్థం. ఈ మాటలో "అ" అనేది సంస్కృతంలోని "అ" వలెనే లేమిని సూచిస్తుంది. "మైలె" అంటే తిరగలి. కనుక అమైలాన్ అంటే "తిరగలిలో విసరనిది" అని అర్థం. ధాన్యాన్ని పొడిగా విసరకుండా, నీటిలో నానబెట్టి, నలిపి, అడుగున పేరుకున్న తెల్లని పదార్థాన్ని వేరుచేసే పద్ధతి నుండి ఈ పేరు వచ్చింది. పూతరేకులకు కూడా బియ్యాన్ని పొడి పిండిగా విసరరు, నానబెట్టి రుబ్బుతారు. ఆ విధంగా పేరులోని పాత అర్థం ఈ మిఠాయి విషయంలో అక్షరాలా సరిపోతుంది.

పేరు చివరనున్న "ఓజ్" అనే ప్రత్యయం చక్కెరల కుటుంబానికి గుర్తు. గ్లూకోజ్, ఫ్రక్టోజ్, సుక్రోజ్, లాక్టోజ్, మాల్టోజ్, సెల్యులోజ్ అనే పేర్లన్నిటిలోనూ ఇదే ప్రత్యయం కనిపిస్తుంది. ఈ ప్రత్యయం ఉన్న పదార్థం తియ్యగా ఉండాలన్న నియమం లేదు. అమైలోజ్‌కు తీపి లేదు. కాని దానిని పూర్తిగా విడగొడితే మిగిలేది తియ్యని గ్లూకోజ్. తెలుగులో ఈ పదాన్ని అమైలోస్ అని కూడా రాస్తారు.

పిండిపదార్థంలో ఒకటి కాక రెండు భాగాలున్నాయన్న భావన 20వ శతాబ్దపు తొలి సంవత్సరాలలో స్థిరపడింది. ఫ్రెంచి శాస్త్రవేత్తలు మకేన్, రూ ఆ భాగాలను అమైలోజ్, అమైలోపెక్టిన్ అనే పేర్లతో వేరుచేసి చూపించారు. ఒకటి నిడుపాటి గొలుసు, మరొకటి కొమ్మలున్న గొలుసు అనే స్పష్టమైన నిర్వచనం 1940 ప్రాంతంలో కర్ట్ మేయర్, అతని సహచరుల పరిశోధనలతో వచ్చింది. 1942లో థామస్ షోక్ బ్యుటనాల్ సహాయంతో అమైలోజ్‌ను అవక్షేపంగా వేరుచేసే పద్ధతిని ప్రకటించాడు.

ఒకే మూలం నుండి వచ్చిన ఇతర పదాలు

"అమైల్" అన్న మూలం నుండి రసాయన శాస్త్రంలో పలు పదాలు పుట్టాయి. వీటి ఉచ్చారణ దగ్గరగా ఉండటం వలన విద్యార్థులు తరచు పొరబడతారు.

అమైలేజ్: ఇది ఒక ఎంజైము. పిండిపదార్థపు గొలుసులను తెంచుతుంది. మన లాలాజలంలోనూ, క్లోమరసంలోనూ ఉంటుంది. "ఏజ్" అన్న ప్రత్యయం ఎంజైములకు గుర్తు. కనుక అమైలోజ్ తెగేది, అమైలేజ్ తెంచేది. 1833లో పాయెన్, పెర్సో అనే ఫ్రెంచి శాస్త్రవేత్తలు మొలకెత్తిన బార్లీ నుండి వేరుచేసి డయాస్టేజ్ అని పిలిచిన పదార్థం ఈ రకానికి చెందినదే.

అమైల్ సముదాయం: ఇది అయిదు కర్బన పరమాణువులు, పదకొండు ఉదజని పరమాణువులు ఉన్న సముదాయం. నేటి పద్ధతిలో దీనిని పెంటైల్ అంటారు. దీనికీ అమైలోజ్ నిర్మాణానికీ ఏ పోలికా లేదు. బంగాళాదుంప పిండిని పులియబెట్టి సారాయి తీసినప్పుడు దొరికిన ఒక ఆల్కహాలుకు, పిండి నుండి వచ్చిందన్న ఉద్దేశంతో, 19వ శతాబ్దంలో అమైల్ ఆల్కహాల్ అన్న పేరు పెట్టారు. కాని ఆ ఆల్కహాల్ పిండి నుండి నేరుగా వచ్చేది కాదని, లూసిన్ వంటి అమైనో ఆమ్లాలను ఈస్టు మార్చటం వలన వస్తుందని ఫెలిక్స్ ఎర్లిక్ 1907లో వివరించాడు. అప్పటికే పేరు స్థిరపడిపోయింది.

ఐసోఅమైల్ అసిటేట్: ఇది అరటిపండు వాసననిచ్చే ఎస్టర్. ఆత్రేయపురానికి పొరుగున ఉన్న రావులపాలెం అరటి మార్కెట్టుకు ప్రసిద్ధి. అక్కడికి వచ్చే పచ్చి గెలలో ఉన్నది ఎక్కువగా పిండిపదార్థం, అందులో అమైలోజ్ ఒక భాగం. కాయ పండేకొద్దీ పిండి చక్కెరలుగా మారుతుంది. మరోపక్క ఐసోఅమైల్ అసిటేట్ వంటి ఎస్టర్లు పుట్టి సువాసన వస్తుంది. పచ్చికాయలోని అమైలోజ్, పండులోని అమైల్ ఎస్టర్ వేరువేరు పదార్థాలు. ఒకటి మరొకటిగా మారదు.

అమైలాయిడ్: "పిండిని పోలినది" అని అర్థం. కొన్ని వ్యాధులలో అవయవాలలో పేరుకునే పదార్థం అయోడిన్‌తో రంగు మారటం చూసి రుడాల్ఫ్ విర్షో 1854లో ఈ పేరు పెట్టాడు. 1859లో ఫ్రీడ్రైక్, కెకూలే ఆ పదార్థం పిండి కాదని, ప్రొటీను స్వభావం కలదని తేల్చారు. అయినా వైద్య శాస్త్రంలో అమైలాయిడ్ అన్న పేరే నేటికీ వాడుకలో ఉన్నది.

నిర్మాణం

ఒక గ్లూకోజ్ అణువులో ఆరు కర్బన పరమాణువులు, పన్నెండు ఉదజని పరమాణువులు, ఆరు ఆమ్లజని పరమాణువులు ఉంటాయి. ఇందులోని కర్బన పరమాణువులకు 1 నుండి 6 వరకు వరస సంఖ్యలు ఇస్తారు. ఒక గ్లూకోజ్‌లోని 1వ కర్బనం, పక్క గ్లూకోజ్‌లోని 4వ కర్బనం ఒక ఆమ్లజని పరమాణువు ద్వారా కలుస్తాయి. ఇలా కలిసినప్పుడు ఒక నీటి అణువు బయటకు పోతుంది. ఈ బంధాన్ని గ్లైకోసైడిక్ బంధం అంటారు. అమైలోజ్‌లో ఈ బంధం "ఆల్ఫా" అమరికలో ఉంటుంది. కనుక దీనిని ఆల్ఫా 1-4 బంధం అని పిలుస్తారు.

అమైలోజ్ గొలుసులో వందల నుండి వేల సంఖ్యలో గ్లూకోజ్ భాగాలు ఉంటాయి. అక్కడక్కడా కొద్దిపాటి కొమ్మలు కూడా ఉండవచ్చు. అమైలోపెక్టిన్ గొలుసులో ఆల్ఫా 1-4 బంధాలతో పాటు, సుమారు 24 నుండి 30 గ్లూకోజ్ భాగాలకు ఒకటి చొప్పున ఆల్ఫా 1-6 బంధం ఉంటుంది. ఆ చోట కొమ్మ చీలుతుంది. అమైలోపెక్టిన్ అణువు అమైలోజ్ అణువు కంటే ఎన్నో రెట్లు పెద్దది. సాధారణ ధాన్యాల పిండిపదార్థంలో అమైలోజ్ 20 నుండి 30 శాతం వరకు, మిగిలినది అమైలోపెక్టిన్ ఉంటాయి.

ఆల్ఫా బంధాల వలన అమైలోజ్ గొలుసు తిన్నగా ఉండక మెలితిరుగుతుంది. తగిన అణువు తోడు దొరికినప్పుడు అది స్ప్రింగు ఆకారంలో చుట్టుకుంటుంది. ఒక్కొక్క చుట్టుకు ఆరు గ్లూకోజ్ భాగాలు పడతాయి. ఈ స్ప్రింగు లోపలి భాగం నీటిని అంతగా ఇష్టపడదు. అందువలన అయోడిన్, కొవ్వు ఆమ్లాలు వంటివి అందులో చేరగలుగుతాయి.

ఇదే గ్లూకోజ్ భాగాలు ఆల్ఫాకు బదులు "బీటా" అమరికలో 1-4 బంధాలతో కలిస్తే వచ్చేది సెల్యులోజ్. దాని గొలుసులు తిన్నగా సాగి, పక్కపక్కన చేరి, గట్టి నారలుగా పేనుకుంటాయి. కాగితం, ప్రత్తి, జనుము సెల్యులోజ్ రూపాలే. పూతరేకు చూడటానికి పలుచని కాగితంలా ఉంటుంది. కొందరు దానిని కాగితపు మిఠాయి అని కూడా అంటారు. కాగితం, పూతరేకు రెండూ ప్రధానంగా గ్లూకోజ్ గొలుసులే. ఒక్క బంధపు అమరికలో ఉన్న తేడా వలన కాగితాన్ని మన శరీరం జీర్ణం చేసుకోలేదు, పూతరేకు నోట్లో పడగానే కరగటం మొదలవుతుంది.

అయోడిన్ పరీక్ష

అయోడిన్ కలిపినప్పుడు పిండిపదార్థం నీలిరంగుకు మారుతుందని 1814లో కోలిన్, గోతియె ద క్లోబ్రి అనే ఫ్రెంచి శాస్త్రవేత్తలు గుర్తించారు. కారణం చాలాకాలం తరువాత తెలిసింది. అమైలోజ్ గొలుసు స్ప్రింగులా చుట్టుకోగలదని చార్లెస్ హేన్స్ 1937లో ప్రతిపాదించాడు. ఆ చుట్ల మధ్యనున్న ఖాళీలో అయోడిన్ పరమాణువులు వరుసగా చేరినప్పుడు ముదురు నీలిరంగు వస్తుంది. అమైలోపెక్టిన్ కొమ్మలు పొట్టివి కనుక వాటిలో పొడవైన వరుస ఏర్పడదు. అందువలన అది ఎర్రని ఊదారంగును మాత్రమే ఇస్తుంది.

ఈ పరీక్షను పాఠశాలలో సులభంగా చేయవచ్చు. పలుచని గంజిలో ఒకటి రెండు చుక్కల అయోడిన్ ద్రావణం వేస్తే నీలిరంగు వస్తుంది. ఆ గంజిని వేడిచేస్తే రంగు పోతుంది, చల్లారిస్తే తిరిగి వస్తుంది. వేడికి స్ప్రింగు విప్పుకుని అయోడిన్ బయటపడటం, చల్లారినప్పుడు మళ్ళీ చుట్టుకోవటం దీనికి కారణం. పరీక్షకు వాడిన గంజిని తాగరాదు.

నీరు, వేడిమి ప్రభావం

ధాన్యంలో పిండిపదార్థం సూక్ష్మమైన రేణువులుగా ఉంటుంది. బియ్యపు రేణువులు చాలా చిన్నవి, సుమారు 3 నుండి 8 మైక్రోమీటర్లు మాత్రమే ఉంటాయి. బంగాళాదుంప రేణువులు వీటికి ఎన్నో రెట్లు పెద్దవి. చల్లని నీటిలో ఈ రేణువులు కరగవు. అందుకే రుబ్బిన పిండిని కదపకుండా ఉంచితే అడుగున పేరుకుంటుంది.

నీటితో కలిపి వేడిచేసినప్పుడు రేణువులు నీటిని పీల్చి ఉబ్బుతాయి. వాటిలోని క్రమబద్ధమైన అమరిక చెదిరిపోతుంది. అమైలోజ్ గొలుసులలో కొంత భాగం రేణువు నుండి నీటిలోకి జారుతుంది. దీనిని జెలటినీకరణం అంటారు. వాడుక భాషలో "ఉడకటం" అంటే ఇదే. బియ్యం రకాన్ని బట్టి ఇది సుమారు 55 నుండి 79 డిగ్రీల సెల్సియస్ మధ్య జరుగుతుంది.

చల్లారేటప్పుడు దీనికి వ్యతిరేకమైన మార్పు మొదలవుతుంది. నీటిలోకి వచ్చిన అమైలోజ్ గొలుసులు కొమ్మలు లేనివి కనుక పక్కపక్కన సులభంగా చేరి, ఉదజని బంధాలతో అతుక్కుంటాయి. గంజి చల్లారి తరక కట్టటం, అన్నం చల్లబడి గట్టిపడటం దీని ఫలితమే. దీనిని పునఃస్ఫటికీకరణం అనవచ్చు. అమైలోజ్ కొద్ది గంటలలోనే ఇలా చేరుతుంది. అమైలోపెక్టిన్‌కు రోజులు పడుతుంది. బ్రెడ్డు రోజులు గడిచేకొద్దీ బిరుసెక్కటంలో అమైలోపెక్టిన్ పాత్ర ఎక్కువ.

బట్టలకు గంజి పెట్టటం, చేనేతలో పడుగు నూలుకు గంజి పట్టించటం కూడా ఈ లక్షణం మీద ఆధారపడినవే. ఉడికిన పిండి పలుచని పొరగా నూలును చుట్టి, ఆరిన తరువాత బిగుసుకుని, దారానికి బలాన్ని ఇస్తుంది.

ఆత్రేయపురం పూతరేకులు

ఆత్రేయపురం గోదావరి డెల్టాలో, ధవళేశ్వరం ఆనకట్టకు దిగువన ఉన్నది. 1852లో సర్ ఆర్థర్ కాటన్ ఆధ్వర్యంలో పూర్తయిన ఆనకట్ట వలన ఈ ప్రాంతం వరి పంటకు, కొబ్బరి తోటలకు నెలవైనది. పూతరేకు తయారీకి కావలసిన బియ్యం, మంటకు కావలసిన ఎండు కొబ్బరాకులు రెండూ ఇక్కడివే. 2022 వరకు ఈ ఊరు తూర్పు గోదావరి జిల్లాలో ఉండేది. ఆత్రేయపురం పూతరేకులకు 2023లో భౌగోళిక గుర్తింపు లభించింది. ఈ ఊరిలోనూ పరిసర గ్రామాలలోనూ ఎందరో మహిళలకు రేకులు తీయటం, చుట్టటం జీవనోపాధి.

తయారీ విధానం ఇది. బియ్యాన్ని కొన్ని గంటలు నానబెట్టి మెత్తగా రుబ్బుతారు. నీరు కలిపి పాలలాగా పలుచన చేస్తారు. అడుగు గుండ్రంగా, నున్నగా ఉండే మట్టికుండను పొయ్యి మీద బోర్లించి, లోపల కొబ్బరాకుల మంట పెడతారు. పలుచని బట్టను ఆ పాలలో ముంచి, రెండు చేతులతో పరిచి పట్టుకుని, కాలిన కుండ మీదుగా ఒక్కసారి లాగుతారు. కుండ మీద పూత పడుతుంది, క్షణంలో ఆరి రేకుగా లేస్తుంది. పూత వలన వచ్చిన రేకు కనుక పూతరేకు అన్నారు.

ఆ క్షణంలో మూడు మార్పులు వెంటవెంటనే జరుగుతాయి.

1. పలుచని పూతలోని రేణువులు వేడికి ఉబ్బి, చెదిరి, ఉడుకుతాయి. రేణువులు చిన్నవి, పూత పలుచనిది కనుక వేడి అన్నిటికీ ఒకేసారి అందుతుంది.

2. బయటకు వచ్చిన అమైలోజ్ గొలుసులు, ఉబ్బిన రేణువుల అవశేషాల మధ్య వలలాగా అల్లుకుంటాయి.

3. నీరు ఆవిరైపోతుంది. గొలుసులు తీరికగా స్ఫటికాలుగా పేర్చుకోవటానికి వ్యవధి చాలదు. అవి ఉన్నవి ఉన్నట్టుగా బిగుసుకుపోతాయి. ఎండిన రేకు పెళుసుగా, కొంత పారదర్శకంగా ఉండటానికి కారణం ఇదే. శాస్త్రవేత్తలు దీనిని గాజు స్థితి అంటారు.

పూతరేకు శుద్ధమైన అమైలోజ్ పొర కాదు. అందులో అమైలోపెక్టిన్ పాలే ఎక్కువ. కొద్దిగా ప్రొటీను కూడా ఉంటుంది. అయితే పొర నిలవటానికి అమైలోజ్ అవసరం. అమైలోపెక్టిన్ ఒక్కటే ఉన్న పిండితో చేసిన పొరలు బలహీనంగా ఉంటాయి. కొమ్మలున్న అణువులు ఒకదానిలోకి ఒకటి లోతుగా పెనవేసుకోలేకపోవటం అందుకు కారణం. పొడవైన అమైలోజ్ గొలుసులు దూరదూరంగా ఉన్న భాగాలను కలిపి పట్టి ఉంచుతాయి.

రేకును చుట్టే ముందు తడిబట్టతో తేలికగా అద్దుతారు. పొడిరేకును మడిస్తే విరిగిపోతుంది. కొద్దిపాటి నీటి అణువులు గొలుసుల మధ్యకు చేరి అవి కదలటానికి వీలు కల్పిస్తాయి. అప్పుడు రేకు మెత్తబడి మడతకు లొంగుతుంది. నీరు ఎక్కువైతే రేకు ముద్దవుతుంది. ఎంత తడి చాలునో చేతికి తెలియటమే ఈ పనిలోని నేర్పు.

తరువాత నెయ్యి రాసి, పంచదార పొడి లేదా బెల్లపు పొడి చల్లి మడతలు వేస్తారు. నేతిలో నీరు దాదాపు ఉండదు. నేతిలోని కొవ్వులు పిండి గొలుసులను కరిగించలేవు. అందుకే నెయ్యి తగిలిన రేకు మెత్తబడదు. పాకం పోస్తే అందులోని నీటికి రేకు కరిగిపోతుంది. తీపిని పొడిగా చల్లటం వెనుక ఉన్న కారణం ఇదే. బెల్లం గాలిలోని తేమను తేలికగా పీలుస్తుంది కనుక బెల్లపు పూతరేకులను గాలి తగలకుండా భద్రపరచాలి.

బియ్యపు పొరలు ఇతర దేశాలలోనూ ఉన్నాయి. వియత్నాంలో బియ్యపు పిండిని ఆవిరి మీద ఉడికించి ఎండబెట్టి పలుచని అప్పడాల వంటివి చేస్తారు. జపానులో చేదు మందులను చుట్టి మింగటానికి పిండిపదార్థపు పలుచని పొరలను వాడతారు. పూతరేకు ప్రత్యేకత ఉడకటం, ఆరటం రెండూ ఒకే క్షణంలో పూర్తికావటం.

బియ్యంలో అమైలోజ్ శాతం

వ్యవసాయ శాస్త్రంలో "అమైలోజ్ శాతం" అన్న మాట బియ్యపు నాణ్యతకు ఒక కొలమానం. ఆ శాతాన్ని బట్టి బియ్యాన్ని ఈ విధంగా విభజిస్తారు.

జిగురు బియ్యం: 0 నుండి 2 శాతం. అన్నం బాగా అంటుకుంటుంది. అస్సాంలోని బోరా బియ్యం ఈ కోవకు చెందినది.

తక్కువ అమైలోజ్: సుమారు 20 శాతం లోపు. అన్నం మెత్తగా, జిగటగా ఉంటుంది. జపాను బియ్యం ఇటువంటిది.

మధ్యస్థం: 20 నుండి 25 శాతం. అన్నం పొడిగా ఉన్నా చల్లారిన తరువాత కూడా మెత్తదనం ఉంటుంది. బాసుమతి ఈ తరగతిలోనిది.

అధికం: 25 శాతానికి పైన. అన్నం పొడిపొడిగా ఉండి, చల్లారితే గట్టిపడుతుంది. 1966లో విడుదలైన ఐఆర్ 8 రకం దీనికి ప్రసిద్ధ ఉదాహరణ.

వరిగింజలో అమైలోజ్‌ను తయారుచేసే ఎంజైముకు సంబంధించిన జన్యువును "వాక్సీ" జన్యువు అంటారు. ఇది వరిలోని 6వ క్రోమోజోము మీద ఉన్నది. ఈ జన్యువు పనిచేయకపోతే గింజలో అమైలోజ్ తయారుకాదు, బియ్యం జిగురుగా ఉంటుంది. అటువంటి గింజ కోసినచోట మైనంలా కనిపిస్తుంది కనుక మైనాన్ని సూచించే ఈ పేరు వచ్చింది. గింజలో నిజంగా మైనం ఉండదు.

పూతరేకులకు ఆత్రేయపురంలో జయ రకం బియ్యం పేరు ఎక్కువగా వినిపిస్తుంది. హైదరాబాదు కేంద్రంగా 1965లో ప్రారంభమైన అఖిల భారత సమన్వయ వరి అభివృద్ధి పథకం ద్వారా 1968లో విడుదలైన రకం జయ. తైచుంగ్ నేటివ్ 1, టి 141 అనే రకాలను సంకరపరచి దీనిని రూపొందించారు. గోదావరి డెల్టాలోనే, పశ్చిమ గోదావరి జిల్లా మార్టేరులో ఉన్న వ్యవసాయ పరిశోధన స్థానం నుండి వచ్చిన స్వర్ణ, అంటే ఎంటీయూ 7029, దేశమంతటా ప్రసిద్ధి పొందింది. ఎంటీయూ అన్న అక్షరాలు మార్టేరును సూచిస్తాయి. కొత్త రకాలను విడుదల చేసే ముందు దిగుబడితో పాటు అమైలోజ్ శాతాన్ని కూడా పరీక్షిస్తారు. ఒక ప్రాంతపు ప్రత్యేక వంటకం ఒక రకం బియ్యానికి అలవాటుపడినప్పుడు, ఆ రకం పొలాల నుండి తప్పుకుంటే వంటకానికి ఇబ్బంది కలుగుతుంది. అటువంటప్పుడు ప్రత్యామ్నాయ రకాన్ని వెదకటానికి ఈ కొలమానం ఉపయోగపడుతుంది.

కొలమానపు పరిమితులు

అమైలోజ్ శాతాన్ని సాధారణంగా అయోడిన్ నీలిరంగు గాఢతను బట్టి కొలుస్తారు. 1971లో బియెన్వెనిడో జులియానో రూపొందించిన సరళమైన పద్ధతి ఇందుకు విస్తృతంగా వాడుకలోకి వచ్చింది. అయితే అమైలోపెక్టిన్‌లోని పొడవైన కొమ్మలు కూడా కొంతవరకు అయోడిన్‌ను పట్టుకుంటాయి. కనుక వచ్చిన సంఖ్యను "కనిపించే అమైలోజ్ శాతం" అనటం సరైనది.

ఒకే అమైలోజ్ శాతం ఉన్న రెండు రకాల బియ్యం వండినప్పుడు ఒకేలా ఉండకపోవచ్చు. అందువలన శాస్త్రవేత్తలు మరి రెండు పరీక్షలు చేస్తారు. ఒకదానిలో, ఉడికించి చల్లార్చిన పిండి అడ్డంగా పడుకోబెట్టిన పరీక్షనాళికలో ఎంత దూరం జారుతుందో చూస్తారు. ఎక్కువ దూరం జారితే అన్నం మెత్తనిది, తక్కువ జారితే గట్టిది. మరొకదానిలో, బియ్యపు గింజలను పలుచని పొటాషియం హైడ్రాక్సైడ్ ద్రావణంలో ఉంచి అవి ఎంతగా విచ్చుకుంటాయో గమనిస్తారు. దాని ద్వారా ఉడికే ఉష్ణోగ్రత తెలుస్తుంది.

పాత బియ్యం కొత్త బియ్యం కంటే పొడిగా ఉడుకుతుందన్నది ఇంటింటా తెలిసిన విషయం. నిల్వలో అమైలోజ్ శాతం చెప్పుకోదగినంతగా మారదు. మారేవి గింజలోని ప్రొటీన్లు, కొవ్వుల స్థితి, గింజ నీటిని పీల్చే తీరు. కనుక రేకు సరిగా రాకపోతే ప్రతిసారీ అమైలోజ్‌నే కారణంగా చెప్పరాదు. బియ్యపు వయస్సు, నానిన సమయం, పిండి మెత్తదనం, నీటి పాలు, కుండ వేడి అన్నీ కలిసి ఫలితాన్ని నిర్ణయిస్తాయి. రేకులు తీసే మహిళలు శాతాలు కొలవకుండానే, మొదటి రెండు మూడు రేకులు పడిన తీరును చూసి పిండి పలుచదనాన్నీ మంటనూ సరిచేసుకుంటారు.

జీర్ణక్రియలో అమైలోజ్

నోటిలోని అమైలేజ్ పిండి గొలుసులను తెంచటం మొదలుపెడుతుంది. అన్నాన్ని ఎక్కువసేపు నమిలితే తియ్యగా అనిపించటానికి కారణం గొలుసులు తెగి మాల్టోజ్ రావటమే. మిగిలిన పని చిన్నప్రేవులో పూర్తయి గ్లూకోజ్ రక్తంలో చేరుతుంది.

కొమ్మలున్న అమైలోపెక్టిన్‌కు అనేక కొసలు ఉంటాయి, దాని అమరిక కూడా వదులుగా ఉంటుంది. కనుక ఎంజైములు దానిని త్వరగా తెంచగలవు. అమైలోజ్ గొలుసులు దగ్గరగా చేరి ఉండటం వలన నిదానంగా తెగుతాయి. అందువలన ఇతర అంశాలు సమానంగా ఉన్నప్పుడు, అధిక అమైలోజ్ బియ్యం రక్తంలో గ్లూకోజ్‌ను కొంత నెమ్మదిగా పెంచుతుంది. చల్లారిన అన్నంలో కొంత పిండి జీర్ణానికి లొంగని రూపంలోకి మారుతుంది. ఈ లాభం పరిమితమైనది. పూతరేకు విషయంలో ఇది వర్తించదు. అందులోని పంచదార, బెల్లం, నెయ్యి లెక్క వేరు. మధుమేహం ఉన్నవారు "బియ్యంలో అమైలోజ్ ఎక్కువ" అన్న ఒక్క మాటను ఆధారం చేసుకుని ఆహారం నిర్ణయించుకోకూడదు.

పరిశ్రమలలో ఉపయోగం

అమైలోజ్ పాలు సగానికి మించి ఉండే ప్రత్యేక మొక్కజొన్న రకాలను అభివృద్ధి చేశారు. వాటి పిండిని తినదగిన పొరలు, మిఠాయిలు, పీచుపదార్థం ఎక్కువగా ఉండే ఆహారాల తయారీలో వాడతారు. దీనికి వ్యతిరేకంగా, కాగితం, జిగురు పరిశ్రమలకు అమైలోజ్ లేని పిండి అనువైనది. ఈ ఉద్దేశంతో బాస్ఫ్ సంస్థ ఆంఫ్లోరా అనే జన్యుమార్పిడి బంగాళాదుంపను రూపొందించింది. ఐరోపా సమాఖ్య 2010లో దాని సాగుకు అనుమతి ఇచ్చింది. ప్రజల వ్యతిరేకత వలన సంస్థ 2012లో దానిని ఐరోపా మార్కెట్టు నుండి ఉపసంహరించుకున్నది. 2013లో ఐరోపా న్యాయస్థానం ఆ అనుమతిని రద్దు చేసింది.

పదాన్ని వాడేటప్పుడు గమనించవలసినవి

అమైలోజ్, పిండిపదార్థం పర్యాయపదాలు కావు. అమైలోజ్ పిండిపదార్థంలో ఒక భాగం మాత్రమే.

అమైలోజ్ అన్నది ఒకే కొలత గల అణువు పేరు కాదు. గొలుసు పొడవు మొక్కను బట్టి, రకాన్ని బట్టి మారుతుంది. కనుక గ్లూకోజ్‌కు చెప్పినట్లుగా దీనికి ఒక స్థిరమైన అణుభారం చెప్పలేము.

"కొమ్మలు లేని గొలుసు" అన్న నిర్వచనం పాఠ్యపుస్తకాల సౌలభ్యం కోసం చెప్పేది. "దాదాపు కొమ్మలు లేని" అనటం మరింత సరైనది.

"అమైల్" అన్న మాట కనబడినంత మాత్రాన పిండిపదార్థంతో సంబంధం ఉన్నదని భావించరాదు. అమైల్ ఆల్కహాల్, అమైల్ అసిటేట్, అమైలాయిడ్ పేర్లలో మిగిలినది చరిత్ర మాత్రమే. అమైలోజ్, అమైలోపెక్టిన్, అమైలేజ్ పదాలలో మాత్రం ఆ సంబంధం నిజమైనది.

ఇవి కూడా చూడండి

పిండిపదార్థం
గ్లూకోజ్
సెల్యులోజ్
పూతరేకులు
ఆత్రేయపురం